గూడెం ఏరోడ్రోమూ, పావు మైలూ

మొన్న సంక్రాంతికి ఊరెళ్ళినప్పుడు మా పిన్ని కొడుకు ఉన్నట్టుండి ఓ ప్రశ్న వేశాడు. "అన్నయ్యా, పావు మైలు పధ్నాలుగున్నర సెకన్లలో కొడితే మంచి టైమేనా?"

వాడికి పద్దెనిమిది నిండి ఆరు నెలలు కాలేదు. బాబాయి కొనిచ్చిన డ్యూక్ వాకిట్లో ముగ్గు పక్కనే నిలబెట్టి ఉంది. పుట్టి బుద్ధెరిగాక మైలురాయి తప్ప మైలు ఎరగని కుర్రాడు పావు మైలు గురించి అడుగుతున్నాడంటే, ఏదో వీడియో చూసి అడిగింది కాదు, ఎక్కడో కొలుచుకునే వచ్చాడని అర్థమైంది. "ఎక్కడ కొట్టావురా?" అన్నాను. ముందు నవ్వేశాడు. పిన్ని వంటింట్లోకి వెళ్ళాక మెల్లగా చెప్పాడు. ఉంగుటూరు దాటాక నారాయణపురం వైపు రోడ్డు మీదట. రాత్రి పదకొండు దాటాక, ఫోనులో జీపీఎస్ యాప్ పెట్టుకుని. పక్కన గూడెం నుంచి వచ్చిన ఇంకో బండి. (మా వైపు తాడేపల్లిగూడేన్ని ఎవరూ పూర్తి పేరుతో పిలవరు లెండి.)

ఆ రోడ్డు నాకు బాగా తెలుసు. ఇప్పుడు 216ఎ అంటున్నారు గానీ మా అందరికీ అది ఎన్‌హెచ్ ఫైవే. 2014లో, నేను ఇంటర్ చదివేటప్పుడు, అదే రోడ్డు మీద మా క్లాసు కుర్రాళ్ళిద్దరు పందెం వేసుకున్నారు. ఒకడిది వాళ్ళ నాన్న పల్సర్, రెండోవాడిది మావయ్యని బతిమాలి తెచ్చుకున్న ఆర్ఎక్స్ హండ్రెడ్. ఎవరు ముందొచ్చారో చెప్పడానికి చివర ఒక మనిషి కావాలి కదా, నన్ను నిలబెట్టారు. నా వెనకాల ఓ వంద గజాల దూరంలో లైట్లు లేకుండా ధాన్యం లారీ ఒకటి ఆగి ఉంది. దాన్ని నేను చూశాను. చూసి కూడా, గీత దాటిన బండి ఆగడానికి ఎంత దూరం కావాలన్న ఆలోచన నాకు రాలేదు. పల్సర్ వాడే గెలిచాడు. చెయ్యెత్తి నన్ను దాటుకుంటూ వెళ్ళాడు. వాడు ఇంటికి రాలేదు.

ఆ రాత్రి నేనక్కడ ఉన్నానని మా ఇంట్లో ఇప్పటికీ తెలీదు. ఇది చదివితే తెలుస్తుంది.

అందుకే వాడి ప్రశ్నకి వెంటనే జవాబు చెప్పలేకపోయాను. తిట్టడం తేలికే. "ఒళ్ళు కొవ్వెక్కి" అని మొదలుపెట్టి అరగంట వాయించొచ్చు. 2014 తర్వాత మా ఊళ్ళో పెద్దవాళ్ళు అదే చేశారు. ఓ నెల రోజులు మమ్మల్నెవర్నీ బండి ముట్టుకోనివ్వలేదు. రోడ్డు పక్కన శ్రద్ధాంజలి ఫ్లెక్సీ ఒకటి కట్టారు, వానకి రంగు వెలిసిపోయింది. తర్వాత మళ్ళీ మామూలే. తిట్లకి ఈ జబ్బు తగ్గదని నాకు అప్పుడే తెలిసిపోయింది. మరి తగ్గించిన వాళ్ళెవరైనా ఉన్నారా అని వెతుక్కుంటూ పోతే డ్రాగ్ రేసింగ్ చరిత్ర దొరికింది. ఆ రాత్రి డాబా మీద కూర్చుని మావాడికి చెప్పింది అదే.

వాడికి తెలిసిన డ్రాగ్ రేసింగ్ అంతా ఫాస్ట్ అండ్ ఫ్యూరియస్ సినిమాల్లోది. అసలు ఆట చాలా సీదా. ఇద్దరు పక్కపక్కన నిలబడతారు, ముందు తిన్నని దారి. పావు మైలు, అంటే 1,320 అడుగులు, మన లెక్కలో 402 మీటర్లు. ముందు చేరినవాడు గెలిచినట్టు. మలుపుల్లేవు, ల్యాపుల్లేవు. జెండా ఊపే మనిషి స్థానంలో 1963లో లైట్ల స్తంభం వచ్చింది, దాన్ని క్రిస్మస్ ట్రీ అంటారు. పచ్చ లైటు పడకముందే కదిలితే ఎర్ర లైటు, పందెం పోయినట్టే. గీత దగ్గర ఎంత స్పీడులో ఉన్నావన్నది కాదు, ఎంతసేపు పట్టిందన్నదే లెక్క. మన ఆఫీసు భాషలో చెప్పాలంటే ఇది త్రూపుట్ ఆట కాదు, లేటెన్సీ ఆట :) పక్కవాడి బండి మీదకంటే వేగమైనదైనా, వాడు పచ్చ లైటుకి ఓ రవ్వ ఆలస్యంగా కదిలితే మీరే గెలవొచ్చు.

ఇది పుట్టింది దక్షిణ కాలిఫోర్నియాలో. 1930ల్లో అక్కడి కుర్రాళ్ళు పాత ఫోర్డు కార్లు కొని, మడ్‌గార్డులూ అవీ పీకేసి, మ్యురాక్ లాంటి ఎండిపోయిన చెరువుల నేల మీద తోలేవాళ్ళు. (ఎండిన చెరువు అంటే మన కొల్లేటిలో వేసవికి బయటపడే బీడు గుర్తొచ్చింది నాకు.) 1937లోనే దానికో సంఘం పెట్టుకున్నారు. తర్వాత యుద్ధం వచ్చింది, మ్యురాక్‌ని సైన్యం తీసేసుకుంది. యుద్ధం అయ్యాక ఆ కుర్రాళ్ళు వెనక్కొచ్చారు. చేతిలో నాలుగు డబ్బులు, సైన్యంలో నేర్చుకున్న మెకానిక్ పని, ఊరి నిండా చవగ్గా పాత కార్లు. ఇంకేముంది, రోడ్ల మీద పడ్డారు. పేపర్లు దుమ్మెత్తి పోశాయి, పోలీసులు తరిమారు. అచ్చం మనలాగే.

తేడా ఎక్కడొచ్చిందంటే వాలీ పార్క్స్ అనే మనిషి దగ్గర. ఈయన కూడా ఆ చెరువుల్లో కార్లు తోలినవాడే. 1948లో హాట్ రాడ్ అనే పత్రిక మొదలైతే మరుసటి ఏడు దానికి ఎడిటరయ్యాడు. మామూలుగా ఎడిటర్లు ఏం చేస్తారు? యువత పెడదోవ పడుతోందని సంపాదకీయం రాసి ఊరుకుంటారు. ఈయన 1951లో ఎన్‌హెచ్ఆర్ఏ అనే సంఘం పెట్టాడు. పిల్లల్ని రోడ్డు మీంచి తీసెయ్యాలి, అంతే, అదే ఎజెండా. దాని మొదటి అధికారిక పోటీ 1953లో పొమోనా అనే ఊళ్ళో, ఎగ్జిబిషన్ గ్రౌండు పార్కింగులో జరిగింది. దానికి అండగా నిలబడింది ఎవరో తెలుసా? ఆ ఊరి పోలీసు చీఫ్ రాల్ఫ్ పార్కర్. 1954లో నలుగురు మనుషులు ఓ కారుకి ట్రైలరు తగిలించుకుని, అందులో టైమింగు సామాను వేసుకుని దేశమంతా తిరిగారు. ఊరూరా పోటీ ఎలా పెట్టాలో, బండిని ముందుగా ఎలా తనిఖీ చెయ్యాలో అక్కడి కుర్రాళ్ళకి నేర్పారు. డ్రాగ్ సఫారీ అని దాని పేరు. ఆ నలుగురికీ పెద్ద బడ్ కూన్స్, ఆయన పొమోనా పోలీసు మనిషే. రాత్రుళ్ళు తరిమే పోలీసే పగలు స్టాప్‌వాచీ పట్టుకున్నాడన్న మాట.

అయితే పార్క్స్ కంటే నాకు బాగా నచ్చినాయన సి.జె. హార్ట్. అందరూ పాపీ అనేవారట, మనం పెద్దాయన అన్నట్టు. ఎన్‌హెచ్ఆర్ఏ పుట్టకముందే, 1950లో, ఈయన ఇద్దరు స్నేహితులతో కలిసి శాంటా ఆనా దగ్గర విమానాశ్రయం వాళ్ళనడిగి, వాడని స్ట్రిప్పు ఒకటి ఆదివారాలకి తీసుకున్నాడు. తోలేవాడికైనా చూసేవాడికైనా టిక్కెట్టు యాభై సెంట్లు. ఆయన భార్య పెగ్గీ కూడా అక్కడ కారు తోలి మగాళ్ళని ఓడించేది. 1959లో విమానాల రద్దీ పెరిగి ఆ స్ట్రిప్పు మూతపడింది గానీ, అప్పటికి దారి తెలిసిపోయింది. యుద్ధం కోసం వేసిన రన్‌వేలు దేశమంతా ఖాళీగా పడున్నాయి. తిన్నగా ఉంటాయి, ఎదురు బండి రాదు, గేదె అడ్డం రాదు, చివర ఆగడానికి చోటుంటుంది. 1955లో మొట్టమొదటి నేషనల్స్ జరిగింది కాన్సస్‌లో గ్రేట్ బెండ్ అనే ఊరి ఏరోడ్రోములో, యుద్ధంలో బి-29 బాంబర్ల వాళ్ళకి శిక్షణ ఇచ్చిన చోట. వాన పడి ఫైనల్స్ ఆగిపోతే నవంబరులో ఆరిజోనాలో పూర్తి చేశారు. మన టెన్నిస్ బాల్ టోర్నమెంట్లు నయం.

ఇలా చోటు దొరికాక మనుషులు తయారయ్యారు. డాన్ గార్లిట్స్ ఫ్లోరిడా వాడు. అక్కడన్నీ చిత్తడి నేలలు. చిత్తడి ఎలుక అని ఎవరో ఎగతాళి చేస్తే ఆ పేరే కారుకి పెట్టుకున్నాడు, స్వాంప్ ర్యాట్ అని. మన వాడయితే కొల్లేటి ఎలుక అనుండేవాడు. 1970 మార్చిలో లాస్ ఏంజెలెస్ పక్కన లయన్స్ స్ట్రిప్పులో, గీత దగ్గర బయల్దేరుతుండగానే ఆయన కారు ట్రాన్స్‌మిషన్ పేలి కుడి పాదంలో సగం పోయింది. అప్పట్లో ఇంజను ముందు, డ్రైవరు వెనకాల. ఏది పేలినా వచ్చి డ్రైవరు మీదే పడేది. అందరికీ తెలిసిన సంగతే, అయినా అందరూ అలాగే కూర్చునేవారు. గార్లిట్స్ మంచం మీద పడుకుని ఇంజన్ని వెనక్కి తోసే డిజైను ఆలోచించాడు. వెనక ఇంజను కార్లు అంతకుముందూ కొందరు ప్రయత్నించి తిన్నగా నడపలేక వదిలేసినవే. ఈయన పట్టుబట్టి సరిచేసి, 1971లో పొమోనాలో దాంతోనే గెలిచాడు. కొన్నేళ్ళలో ఆ తరగతిలో ముందు ఇంజను కారన్నదే లేకుండా పోయింది. ఇదే మనిషి 2014లో, ఎనభై రెండేళ్ళ వయసులో, బ్యాటరీతో నడిచే డ్రాగ్‌స్టర్ మీద గంటకి 184 మైళ్ళు కొట్టాడు. మా తాతయ్య ఆ వయసుకి టీవీఎస్ కూడా ముట్టుకోలేదు.

షెర్లీ మల్డౌనీ కథ మావాడు కళ్ళార్పకుండా విన్నాడు. ఎందుకంటే ఆవిడ కూడా వీడిలాగే. న్యూయార్క్ రాష్ట్రంలో స్కెనెక్టడీ అనే ఊళ్ళో, పదహారు పదిహేడేళ్ళకే రాత్రుళ్ళు రోడ్ల మీద పందేలు వేసిన పిల్ల. ఆడది నైట్రో కారు తోలడమేంటని చాలామంది మొహం చిట్లించారు. 1973లో టాప్ ఫ్యూయెల్ లైసెన్సు తెచ్చుకుంది, ఆ కాయితం మీద సంతకం పెట్టినవాళ్ళలో గార్లిట్స్ ఒకడు. ఇద్దరికీ ట్రాకు మీద పడేది కాదు, అది వేరే సంగతి. 1977, 1980, 1982, మూడుసార్లు ఛాంపియన్. 1984లో మాంట్రియల్ దగ్గర జరిగిన ప్రమాదంలో రెండు కాళ్ళూ నుజ్జయిపోయాయి, వరసగా ఆపరేషన్లు. 1986లో మళ్ళీ వచ్చి సీట్లో కూర్చుంది. స్ట్రిప్పే లేకపోతే ఆవిడ ఏమయ్యేది? మహా అయితే ఆ ఊళ్ళో పోలీసు రికార్డులో ఓ పేరు.

మరి స్ట్రిప్పుల మీద ఎవరూ పోలేదా అని మీరడగొచ్చు. మావాడూ అడిగాడు. పోయారు, చాలామంది. మల్డౌనీ టీముకి చీఫ్‌గా పనిచేసిన కానీ కలిట్టా కొడుకు స్కాట్, 2008 జూన్‌లో న్యూజెర్సీలో ఇంజను పేలి, కారు ఆగక ట్రాకు చివర దాటిపోయి చనిపోయాడు. కొద్ది రోజులకే పెద్ద కార్లకి పావు మైలు తీసేసి వెయ్యి అడుగులు చేశారు. మిగిలిన 320 అడుగులూ ఆగడానికి. యాభై ఏళ్ళ పైబడి ఆట మొత్తానికి ప్రాణంగా చూసుకున్న అంకెని ఒక్క చావుతో వదులుకున్నారు. ప్రొడక్షన్‌లో ఏదైనా పడిపోతే మనం కారణం వెతికి మళ్ళీ జరక్కుండా మార్పు పెడతాం కదా, అలాగ. మా రోడ్డు మీద లారీ కథలోనూ తప్పు అదే, ఆగే చోటు. మేం మార్చింది మాత్రం ఏమీ లేదు.

అదంతా అమెరికా, డబ్బున్న దేశం అనుకోకండి. మనకీ ఉంది. మద్రాసు మోటార్ స్పోర్ట్స్ క్లబ్ 1953లో పుట్టింది. షోలవరంలో యుద్ధకాలం నాటి ఎయిర్‌స్ట్రిప్పు మీద దశాబ్దాలపాటు రేసులు నడిపారు. సర్క్యూట్ రేసులే ఎక్కువనుకోండి, కానీ చోటు సంపాదించిన పద్ధతి పాపీ హార్ట్‌దే. కోయంబత్తూరు లక్ష్మీ మిల్స్ కుటుంబంలో పుట్టిన కరివర్ధన్, అంటే అక్కడి తెలుగు నాయుళ్ళ ఇంటి మనిషి, ఆ షోలవరంలో తోలి పేరు తెచ్చుకున్నవాడే. మారుతి ఇంజన్లతో చవకలో రేసు కార్లు కట్టి ఎంతోమంది కుర్రాళ్ళకి దారి చూపించాడు. 1995లో విమాన ప్రమాదంలో పోయాడు. ఆయన పేరు మీదే కోయంబత్తూరు దగ్గర కరి మోటార్ స్పీడ్‌వే ఉంది. ఇక బైకు డ్రాగ్ రేసులకి ఇప్పుడు జాతీయ ఛాంపియన్‌షిప్పే ఉంది, చెన్నై పక్కన ట్రాకులో. బెంగుళూరు హేమంత్ ముద్దప్ప దాంట్లో టైటిల్ మీద టైటిల్ కొట్టాడు. ఉంగుటూరు నుంచి ఆ ట్రాకుకి వెళ్ళాలంటే ఐదొందల కిలోమీటర్ల పైమాటే. మా కుర్రాళ్ళకి నారాయణపురం రోడ్డు పది నిమిషాలు.

ఇప్పుడు అసలు విషయం. షోలవరం ఉన్నది మద్రాసు నుంచి కలకత్తా వెళ్ళే పాత రోడ్డు పక్కన. అదే రోడ్డు పట్టుకుని ఉత్తరానికి వస్తూంటే నెల్లూరు, ఒంగోలు, బెజవాడ, ఏలూరు, మా ఉంగుటూరు దాటాక గూడెం వస్తుంది. గూడెంలో ఏముంది? ఉల్లిపాయల మార్కెట్టు కాదండీ, ఏరోడ్రోము! రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిషు వాళ్ళు వేసిన రన్‌వే. యుద్ధం అయిపోయింది, వాళ్ళు పోయారు, రన్‌వే మిగిలింది. ఆ భూముల్లో కొంత 2015లో వచ్చిన ఎన్ఐటీకి వెళ్ళింది. మిగిలిన చోట జనం పొద్దున్న నడుస్తారు, కారు నేర్చుకుంటారు. ప్రతి ఎన్నికకీ అక్కడ విమానం దిగబోతోందని ఎవరో ఒకరు అంటారు. శాంటా ఆనాలో విమానాలు ఎక్కువై పందేలు ఆగాయి. గూడెంలో విమానమూ రాలేదు, పందెమూ రాలేదు.

పందెం అనగానే మన పెద్దలకి తప్పుగా వినిపిస్తుంది. కానీ ఒక్కసారి బండలాగుడు పోటీలు గుర్తు తెచ్చుకోండి. చిన్నప్పుడు మా తాతయ్య నన్ను సంక్రాంతికి గుడివాడ తీసుకెళ్ళేవాడు, ఒంగోలు ఎడ్ల పోటీలు చూడ్డానికి. ఆ పోటీ చూసినవాడికి డ్రాగ్ రేసింగ్ రూలు పుస్తకం కొత్తగా అనిపించదు. తిన్నని లైను, దాని మీద రాతి బండ, గడియారం. ఇచ్చిన నిమిషాల్లో ఎన్ని అడుగులు లాగిందన్నది లెక్క, అంగుళాలతో సహా మైకులో చదువుతారు. గిత్తలకి పళ్ళు చూసి తరగతి: పాలపళ్ళు, రెండు పళ్ళు, నాలుగు, ఆరు, ఆ పైన సీనియర్లు. పాలపళ్ళ గిత్తని సీనియరు పక్కన కట్టరు. ఎన్‌హెచ్ఆర్ఏలో ఇంజను సైజునీ బరువునీ బట్టి తరగతులు కట్టడం ఇదే కదా. మామూలు స్కూటరు వాడు కూడా తన తరగతిలో తను గెలవొచ్చు. పోటీ అయ్యాక గిత్తల యజమాని పేరు, ఊరి పేరు మైకులో చెప్తే ఆ ఊరంతా ఈలలు. మా తాతయ్యకి ఎప్పుడో గెలిచిన గిత్తల పేర్లు కూడా నోటికొచ్చు. ఇంత చక్కగా నియమాలు రాసుకున్న జాతి మనది. ఎద్దు పోయి ఇంజను వచ్చేసరికి ఆ బుర్ర ఎక్కడికి పోయిందో.

ఖర్చు సంగతి. మనవాళ్ళు రేసింగ్ అంటే ఆకాశంలో ఆలోచిస్తారు. 2023 ఫిబ్రవరిలో హైదరాబాదులో నెక్లెస్ రోడ్డు మీద ఫార్ములా ఈ జరిగింది. 2024లో జరగాల్సింది రద్దయిపోయింది, దాని డబ్బుల గొడవ కేసుల దాకా వెళ్ళింది. నాకు ఆ పోటీ మీద కోపం లేదు, నేనూ టీవీలో చూశాను. కానీ దానివల్ల నారాయణపురం రోడ్డు మీద ఒక్క కుర్రాడైనా తగ్గాడా? డ్రాగ్ స్ట్రిప్పుకి మలుపులక్కర్లేదు, గ్యాలరీలక్కర్లేదు. ఊడ్చిన రన్‌వే, రెండు పక్కలా వరిగడ్డి మోపులు (మా జిల్లాలో వాటికి కరువా!), ఓ అంబులెన్సు, ఫైరు ఇంజను, హెల్మెట్టూ బ్రేకులూ తనిఖీ చేసే మెకానిక్కులు ఇద్దరు. టైమింగుకి మొదటా చివరా ఇన్‌ఫ్రారెడ్ సెన్సార్లు, ఓ ఆర్డువినో బోర్డు. పోటీ స్థాయికి మంచివి కావాలి గానీ, ప్రాక్టీసు రోజులకి అది నేనే ఓ వారాంతం కూర్చుని చేసిస్తాను. అసలు కష్టం డబ్బు కాదు, సంతకాలు. ఆ భూమి వ్యవహారం చూసే ఆఫీసు, పోలీసు, రేసింగు ఫెడరేషను, ఇన్సూరెన్సు. ఒక్కరు ముందుకొస్తే మిగతావాళ్ళు వస్తారు. పొమోనాలో పోలీసు చీఫ్ ముందుకొచ్చాడు.

చట్టం ఉంది కదా అంటారా. ఉంది. మోటారు వాహనాల చట్టం 189వ సెక్షను, రోడ్డు మీద రేసు పెడితే ఒకప్పుడు ఐదొందల దాకా జరిమానా, 2019 సవరణ తర్వాత ఐదు వేల దాకా, జైలు కూడా వెయ్యొచ్చు. వెయ్యాల్సిందే, నేను కాదనను. రోడ్డు మీద పందెం వేసేవాడు తన ప్రాణమే కాదు, ఎదురుగా మోపెడు మీద పాలు తెచ్చే మనిషి ప్రాణం కూడా ఒడ్డుతున్నాడు. కానీ కోడిపందేల మీద కూడా చట్టం ఉంది. సంక్రాంతి మూడు రోజులూ మా జిల్లాలో బరులకి చోటు దొరుకుతుంది, ఫ్లడ్‌లైట్లు దొరుకుతాయి, పెద్దమనుషులకి కుర్చీలు దొరుకుతాయి. కోడికి దొరికిన చోటు కుర్రాడికి దొరకదా అనేదే నా గోల.

ఇవన్నీ డాబా మీద మావాడికి చెప్పలేదు లెండి. వాడికి ఎక్కువగా చెప్పింది 2014 సంగతి. ఎవరికైనా చెప్పడం అదే మొదటిసారి. వాడేమీ మాట్లాడలేదు. కనుమ రోజు పొద్దున్నే వాణ్ణి వెనక కూర్చోబెట్టుకుని ఏరోడ్రోముకి తీసుకెళ్ళాను. బండి పక్కన పెట్టి ఇద్దరం నడుచుకుంటూ అడుగులు లెక్కపెట్టాం. 402 మీటర్లు అనుకున్న చోట వాడు చెప్పు కాలితో గీత గీసి, ముందుకి చూసి, "ఇంకా ఇంతుందా ఆగడానికి!" అన్నాడు.

నారాయణపురం వైపు వెళ్ళనని మాటిచ్చాడు. పద్దెనిమిదేళ్ళ వాడి మాట ఎన్నాళ్ళు నిలుస్తుందో నాకు తెలుసు, నేనూ ఇచ్చినవాణ్ణే. పిన్నికి వాడే చెప్పాలని నెలాఖరుదాకా గడువు పెట్టాను, లేకపోతే నేను చెప్తానన్నాను. ఈలోపు నాకు కావాల్సింది ఇది: చెన్నైలో ఉండి మోటారు క్లబ్బుల్లో తిరిగేవాళ్ళు, ఏ ఊళ్ళోనైనా ఇలాంటి పోటీకి అనుమతి తెచ్చిన అనుభవం ఉన్నవాళ్ళు, గూడెం ఏరోడ్రోము భూమి ఈ రోజు ఏ ఆఫీసు ఫైల్లో ఉందో తెలిసినవాళ్ళు, దయచేసి నాకు చెప్పండి. అర్జీ రాసి పెట్టుకున్నాను. పైన ఎవరికని రాయాలో అక్కడ ఖాళీగా ఉంది.